వోల్గా తీరపు జర్మను సంఘములు



ఈ శతవార్షిక సంచికలో మన గుడుల చరిత్రను, బడుల చరిత్రను, ఆసుపత్రుల చరిత్రను వ్రాయుటకు నాకంటె అర్హులైన పెద్దలు చాలమంది యున్నారు. కనుక నేను మరియొక ప్రజ చరిత్రను మీ యెదుట పెట్టుచున్నాను. దానికి కారణము లేకపోలేదు. మన తెలుగు దేశమునకు సువార్త తెచ్చిన పాశ్చాత్యులందరిని మన పెద్దలు "దొరలు" అను ఒక్క మాటతో పిలిచిరి. కాని ఆ దొరలలో కొందరు స్వదేశమున బ్రదుకు సాగక పరాయి దేశమునకు వలస పోయిన కుటుంబముల బిడ్డలు. 1842 జూలై 31న గుంటూరు చేరిన హయ్యరు అయ్యగారిని మనము అమెరికా మిషనరీ అందుము. ఆయన 1793లో జర్మను దేశములోని హెల్మ్‌స్టెట్ పట్టణమున పుట్టెను. నెపోలియను యుద్ధముల కాలములో, 1807లో, పదునాలుగేండ్ల బాలునిగా ఆయనను ఫిలడెల్ఫియాలోని బంధువుల యొద్దకు పంపివేసిరి. 1889లో బయలుదేరి వచ్చి నల్లగొండలో పనిచేసిన అబ్రహాము ఫ్రీసెన్ గారి సంగతి ఇంకను విచిత్రము. ఆయన రష్యా చక్రవర్తి ప్రజ. ఇంటిలో మాటలాడునది మాత్రము జర్మను భాష.

రష్యాలో జర్మనులెట్లు వచ్చిరి? వేదాంత కళాశాలలో మేము లూథరుగారి సంస్కరణోద్యమమును పరీక్షకు చక్కగా చదివితిమి. కాని లూథరుగారి బైబిలును మూటలో కట్టుకొని తూర్పుదిక్కునకు బండ్లు తోలుకొనిపోయిన రైతుల ప్రశ్న ఏ పరీక్షలోను రాలేదు. ఆ తరువాత నేను చదివి తెలిసికొనినంతవరకు వారి చరిత్ర ఇది.

ఆ రోజులలో జర్మనీ అనునది ఒక్క దేశము కాదు. వందలకొలది చిన్న సంస్థానములు. ఒక్కొక్క దానికి ఒక్కొక్క ప్రభువు, ఆ ప్రభువుకు తోచిన పన్నులు. 1756 నుండి 1763 వరకు జరిగిన ఏడేండ్ల యుద్ధములో హెస్సె, పాలటినేటు మొదలైన ప్రాంతములమీదుగా సైన్యములు అటునిటు తిరిగినవి. వచ్చిన సైన్యమెవరిదైనను తినునది రైతు గాదెలోని ధాన్యమే. యుద్ధము ముగిసినప్పటికి అప్పులు మిగిలినవి, పన్నులు మిగిలినవి, ఇంటి మగపిల్లలను సైన్యములోనికి లాగుకొనిపోవు భయము మిగిలినది.

సరిగా ఆ వేళకు రష్యా సింహాసనముమీద రెండవ కాథరీను కూర్చుండియుండెను. ఆమెయు వలస వచ్చిన జర్మను స్త్రీయే. స్టెటిన్ పట్టణములో లూథరన్ ఇంట 1729లో పుట్టి, రష్యా యువరాజును పెండ్లాడుటకై ఆర్థడాక్సు సంఘములో చేరి పేరు మార్చుకొనినది. వోల్గా నది దిగువ భాగమున, సరటోవు పట్టణమునకు అటునిటు, దున్నువారు లేని గడ్డిభూములు అపారముగా పడియుండెను. 1763 జూలై 22న ఆమె ఒక ప్రకటన వెలువరించెను. వచ్చువారికి దారిఖర్చులు ఇత్తుము. బీడు భూములలో స్థిరపడువారికి ముప్పది యేండ్లు పన్ను లేదు. ఇండ్లకు, పశువులకు వడ్డీలేని అప్పు. తమ మతమును స్వేచ్ఛగా ఆచరించుకొనవచ్చును. గుడులు, గంట గోపురములు కట్టుకొనవచ్చును. తమ గ్రామ వ్యవహారములు తామే చూచుకొనవచ్చును. ఈ దేశములో నివసించునంతకాలము వారిని బలవంతముగా సైన్యములో చేర్చరు. ఈ హక్కులు వచ్చినవారికే గాక రష్యాలో పుట్టబోవు వారి పిల్లలకును, సంతతికిని చెల్లును.

రైతులు ఆ కాగితమును "ఎప్పటికిని" అని అర్థము చేసికొనిరి. ఎవరైనను అట్లే అర్థము చేసికొందురు.

అయితే ఆ ప్రకటనలో ఒక నిషేధము కూడ ఉండెను. వలస వచ్చినవారు ఆర్థడాక్సు సంఘమునకు చెందిన రష్యనులను తమ సంఘములో కలుపుకొనరాదు. కలుపుకొనిన శిక్ష తప్పదు. అన్నము పెట్టెదమని పిలిచిన కాగితములో ఆ షరతును ఎవరు లెక్కచేసెదరు? తరువాత జరిగిన చరిత్రలో ఈ ఒక్క షరతు ఎంత పనిచేసినదో పాఠకులు ముందుముందు చూచెదరు.

హెస్సెలోని బ్యూడింగెను పట్టణము వలసకారులు గుమికూడు స్థలములలో ఒకటి. పెండ్లియైనవారికి వలసలో ఎక్కువ అవకాశమని తెలిసి, 1766వ సంవత్సరము ఫిబ్రవరి నుండి జూలై లోపల ఆ ఒక్క ఊరి గుడిలో 375 జంటలకు వివాహములు జరిగినవి. మన గుడి రిజిస్టరులో ఒక వేసవిలో పది పెండ్లిండ్లు వ్రాయవలసివచ్చిననే పాస్టరుగారికి చేయి నొప్పి పుట్టును. ఆ జంటలలో ఎందరు ఒకరినొకరు అంతకుముందు ఎరిగియుందురో!

లూబెక్ రేవులో ఓడ యెక్కి, బాల్టిక్ సముద్రము దాటి, రాజధాని సమీపమున దిగి, రాణికి రాజభక్తి ప్రమాణము చేసి, అక్కడనుండి పడవలమీద, బండ్లమీద, కాలినడకను వోల్గా తీరమునకు ప్రయాణము సాగెను. నడుమ చలికాలము వచ్చిన చోట ఆగవలెను. ఏడాది పట్టిన గుంపులు గలవు. మొత్తము సుమారు 30,000 మంది బయలుదేరగా అనేకులు, ముఖ్యముగా పసిపిల్లలు, దారిలోనే చనిపోయిరి. 1764 జూన్ 29న దోబ్రింక అను మొదటి గ్రామము వెలసెను. కొలది సంవత్సరములలో నదికి ఇరుప్రక్కల 104 గ్రామములు ఏర్పడినవి. వచ్చినవారిలో కుట్టుపనివారు, చెప్పులు కుట్టువారు, నేతగాండ్రు ఎందరో యుండిరి. తమ తమ వృత్తులు చేసికొందుమనుకొనిరి. అందరి చేతికిని నాగలి ఇచ్చిరి. మొదటి చలికాలము చాలమంది భూమిలో గుంటలు త్రవ్వుకొని, పైన గడ్డి, మన్ను కప్పుకొని అందులో గడిపిరి. 1774లోను, 1776లోను గడ్డిభూముల సంచార దండులు నదికి తూర్పునున్న గ్రామములపై పడి వందలమందిని బానిస సంతలకు పట్టుకొనిపోయినవి.

అయినను వారు నిలిచిరి. ఎట్లు నిలిచిరో చెప్పవలెనన్న గ్రామ పంతులుగారిని గూర్చి కొంచెము ఎక్కువ చెప్పవలసియున్నది.

ఆ గ్రామములలో లూథరన్‌లు ఎక్కువమంది. తరువాత రోమన్ కాథలిక్కులు, రిఫార్ముడు సంఘమువారు. గ్రామమంతయు సాధారణముగా ఒకే సంఘమునకు చెందియుండును. గురువులు మాత్రము బహు కొద్దిమంది. ఒక్క గురువుగారి క్రింద అనేక గ్రామములు, వేలకొలది విశ్వాసులు. గురువుగారు ఒక ఊరికి వచ్చి వెళ్ళిన తరువాత మరల ఎన్నడు వచ్చునో చెప్పలేరు. మిగిలిన ఆదివారములన్నియు బడి పంతులుగారివే. వారమంతయు పిల్లలకు అక్షరములు, లూథరుగారి చిన్న ప్రశ్నోత్తరి, కీర్తనలు నేర్పును. ఆదివారము గుడిలో కీర్తన ఎత్తుకొని, అచ్చువేసిన ప్రసంగముల గ్రంథము తెరచి ఒక ప్రసంగము చదువును. బిడ్డ చావుబ్రదుకులలో ఉన్నయెడల బాప్తిస్మమిచ్చును. శవమువెంట పాట పాడుచు శ్మశానమువరకు నడచును. జీతము ధాన్యముగా, కట్టెలుగా గ్రామమే ఇచ్చును. మన పల్లెలలో పగలు పలకలు దిద్దించి రాత్రి ప్రార్థన పెట్టిన ఉపదేశిగారిని, ఆయనకు సంఘము కొలిచిన జొన్నలను ఎరిగినవారికి ఈ మనిషిని పరిచయము చేయనక్కరలేదు. సంఘ చరిత్రలు వ్రాయువారు బిషపుల పేర్లు, మిషనరీల పేర్లు వ్రాసి ఇట్టివారిని ఒక వాక్యములో దాటిపోవుట సరికాదని నా అభిప్రాయము.

ఇండ్లలో మూడు పుస్తకములుండెడివి: బైబిలు, కీర్తనల పుస్తకము, ప్రార్థనల పుస్తకము. సాయంకాలపు ప్రార్థనకూడికలలో రైతులే లేచి వాక్యము చెప్పుకొనెడివారు. ఈ అలవాటు గురువులలో కొందరికి నచ్చలేదు. కాని తరువాత ఒక దినమున గురువులందరు పోయి ఈ అలవాటొక్కటే మిగులనుండెను.

నూరేండ్లు గడచినవి. పెండ్లిండ్లు తమలో తామే. మాటలు తాతలు తెచ్చిన పల్లె జర్మనే. రష్యను భాష సంతలో బేరమాడుటకు చాలినంత మాత్రము. పొరుగూరి రష్యను రైతు బానిసవలె జమీందారు క్రింద మ్రగ్గుచుండగా వీరు తమ హక్కులతో తాముండిరి. అతనికి వాక్యము చెప్పరాదని చట్టము. చెప్పవలెనని కోరిక కూడ చాలమందికి లేకపోయెను. దీనికి వారినొక్కరినే తప్పుపట్టుట న్యాయము కాదు. కాని తమను కాపాడిన కంచెయే తమ సువార్తను కూడ లోపల కట్టివేసినదని చెప్పకతప్పదు.

ఆ కంచె మరియొక చోట తెగినది. నల్లసముద్రమునకు ఉత్తరమున, ఒడెస్సా ప్రాంతములో, తరువాతి కాలమున వచ్చిన జర్మనుల గ్రామములు గలవు. అచ్చట వాక్యపఠనకు కూడుకొనుటను "ష్టుండె" అనెడివారు. ఆ మాటకు జర్మను భాషలో గంట, అనగా ఒక గంట కాలము, అని అర్థము. కోతలకు కూలికి వచ్చిన ఉక్రెయిను పల్లెవారు సాయంకాలము ఆ కూడికలలో వెనుక కూర్చుండి వినసాగిరి. 1860 తరువాత వారు తమ ఇండ్లలో తమ భాషలోనే అట్టి గంటలు పెట్టుకొనిరి. లోకము వారికి "ష్టుండిస్టులు" అని పేరు పెట్టినది. ప్రభుత్వము ఉలికిపడి 1894లో వారి కూడికలను నిషేధించినది. జర్మను యజమానులు నోరు మూసికొని చట్టమును పాటించిన చోట కూలివారు చెవులు తెరచుకొని వాక్యమును పట్టుకొనిపోయిరి.

ఆ దక్షిణ ప్రాంతములోనే మెన్నొనైటులు ఉండిరి. వీరు ఆయుధము పట్టరు, ప్రమాణము చేయరు, పెద్దయైన తరువాతనే బాప్తిస్మము పుచ్చుకొందురు. ప్రష్యాలోని విస్తులా నదీముఖమునుండి వచ్చి 1789లో ఖోర్తిత్సయందు, 1804లో మొలోచ్నాయందు స్థిరపడిరి. సైనికసేవ లేదని 1800లో పౌలు చక్రవర్తి వీరికి ప్రత్యేకముగా పట్టా వ్రాసియిచ్చెను. 1860 జనవరి 6న మొలోచ్నాలో పదునెనిమిది కుటుంబముల యజమానులు, సంఘము చల్లబడిపోయినదని చెప్పి, ఒక పత్రముమీద సంతకములు చేసి వేరుపడిరి. వారే మెన్నొనైటు బ్రదరన్ సంఘమువారు.

ఐగుప్తులో యోసేపు కాలము ముగిసిన తరువాత యేమి జరిగెనో మనకు తెలియును. రష్యాలోను కాలము మారెను. 1871లో వలసకారుల ప్రత్యేక హోదా రద్దైనది. 1874లో అందరికిని నిర్బంధ సైనికసేవ వచ్చినది. తాతలు దాచిన కాగితమును మనుమలు తీసి చదువుకొనిరి. అదిగాక వోల్గా గ్రామములలో భూమిని మగవారి లెక్కను మరల మరల పంచుకొను పద్ధతి యుండుటచే ఒక్కొక్కరి వంతు తరతరమునకు తరిగిపోవుచుండెను. మరల మూటలు కట్టిరి.

కొందరు అమెరికాలోని కాన్సాసు, నెబ్రాస్కా, డకోటాలకు వెళ్ళిరి. 1878లో కొందరు అర్జెంటీనాలోని హినోహోయందును, ఎంత్రె రీయోస్ రాష్ట్రమందును స్థిరపడిరి. కాన్సాసుకు వచ్చిన మెన్నొనైటు రైతులు "టర్కీ రెడ్" అను చలికాలపు ఎఱ్ఱ గోధుమ విత్తనమును వెంట తెచ్చిరి. ఆ రాష్ట్రపు గోధుమ సేద్యము పెద్దదగుటకు ఆ విత్తనము ఒక కారణము. అదే రాష్ట్రములోని విక్టోరియా గ్రామమందు వోల్గానుండి వచ్చిన కాథలిక్కు రైతులు తామే సున్నపురాతిని త్రవ్వి, బండ్లమీద తోలి, 1911 నాటికి రెండు గోపురముల మహాదేవాలయమును కట్టి ముగించిరి. 1920 నాటికి రష్యానుండి వచ్చిన జర్మనులు, వారి పిల్లలు కలిసి అమెరికాలో సుమారు 3 లక్షలమంది. రష్యాలో వారిని జర్మనులనిరి. అమెరికాలో ఇరుగుపొరుగువారు వారిని రష్యనులనిరి.

అందరును వెళ్ళలేదు. మెన్నొనైటులలో సుమారు 18,000 మంది వెళ్ళగా, మిగిలినవారు సైన్యమునకు బదులు అడవులు పెంచు పని చేయుటకు ప్రభుత్వముతో ఒప్పుకొని ఉండిపోయిరి. మన నల్లగొండకు సంబంధించిన సంగతి ఇక్కడ వచ్చుచున్నది. ఉండిపోయిన మెన్నొనైటు బ్రదరన్‌వారికి సువార్తాసక్తి మెండు. పొరుగున రష్యనులు కోట్లకొలది. కాని వారికి బోధించుట నేరము. అందుచేత అబ్రహాము ఫ్రీసెన్, ఆయన భార్య మరియ అను దంపతులు హాంబర్గులోని బాప్తిస్టు కళాశాలలో చదువు ముగించుకొని, అమెరికను బాప్తిస్టు మిషనుతో కలిసి, నిజాము రాజ్యములోని తెలుగువారి యొద్దకు వచ్చిరి. గోధుమ పొలముల రష్యా రైతులు చందాలు పంపగా నల్లగొండలో పని జరిగినది. ప్రక్క ఊరికి వెళ్ళరాదని చట్టము అడ్డగించిన వాక్యము సముద్రములు దాటి తెలంగాణ పల్లెలకు వచ్చినది! 1899లో అమెరికాకు వెళ్ళిన వారి సోదరులు కూడ స్వంతముగా మిషనరీలను హైదరాబాదునకు పంపిరి. మహబూబ్‌నగర్ కేంద్రముగా నేడున్న మెన్నొనైటు బ్రదరన్ సంఘము వీరి పని ఫలము. మొదటి ప్రపంచ యుద్ధము, విప్లవము వచ్చి రష్యానుండి డబ్బు రాక ఆగిపోయినప్పుడు నల్లగొండ ప్రాంతపు పనిని అమెరికను బాప్తిస్టులు నిలిపిరి.

యుద్ధము అమెరికాలోని జర్మనులను కూడ విడిచిపెట్టలేదు. 1918 మే నెలలో ఐయోవా రాష్ట్ర గవర్నరు హార్డింగు, బహిరంగ స్థలములలోను, టెలిఫోనులోను, చివరకు గుడిలోను ఇంగ్లీషు తప్ప వేరొక భాష మాటలాడరాదని ప్రకటించెను. ఇంగ్లీషు రాని ముసలమ్మ దేవుని సన్నిధిలో ఏమి చేయవలెనో ఆయన ఆలోచించినట్లు లేదు. 1919లో నెబ్రాస్కా రాష్ట్రము ఎనిమిదవ తరగతి దాటనిదే పిల్లలకు విదేశభాష నేర్పరాదని చట్టము చేసినది. హాంప్టను గ్రామమందలి సీయోను లూథరన్ బడిలో రాబర్టు మేయరు అను పంతులుగారు 1920 మే 25న పదేండ్ల బాలునిచేత జర్మనులో బైబిలు కథలు చదివించుచుండగా అధికారి వచ్చి చూచెను. పంతులుగారు పుస్తకము మూయలేదు. జరిమానా విధించిరి, ఆయన కట్టక పైకోర్టులకు పోయిరి. 1923 జూన్ 4న అమెరికా సుప్రీంకోర్టు ఆ చట్టమును కొట్టివేసినది. తలిదండ్రులకు తమ పిల్లల చదువుపైగల హక్కును గూర్చి నేటికిని న్యాయవాదులు ఆ తీర్పును ఉదహరింతురు. కేసు గెలిచినను జర్మను ఆరాధనలు నిలువలేదు. యువకులు ఇంగ్లీషు ఆరాధన కోరిరి; పెద్దలు కొన్నియేండ్లు వాదించి ఊరకుండిరి. మన పట్టణ సంఘములలో తెలుగు ఆరాధన, ఇంగ్లీషు ఆరాధన అను తగవు చూచినవారికి ఇది క్రొత్త కాదు.

ఇక వోల్గా తీరమున ఉండిపోయినవారి మాట. 1921లో వానలు లేవు. అంతకుముందే విత్తనపు గింజలతో సహా ధాన్యమును ప్రభుత్వము తూకము వేయించి తీసికొనిపోయియుండెను. కరవులో గ్రామములకు గ్రామములు ఖాళీయైనవి. ఆ వార్త విని ఆరిగన్ రాష్ట్రపు పోర్ట్‌లాండ్ నగరమందలి వోల్గా జర్మనులు సహాయ సంఘము నెలకొల్పిరి. అమెరికను సహాయ సంస్థ ద్వారా పది డాలర్లకు ఒక పెట్టె పంపు ఏర్పాటు జరిగినది. దానిలో 49 పౌనుల పిండి, 25 పౌనుల బియ్యము, 10 పౌనుల క్రొవ్వు, 10 పౌనుల పంచదార, 3 పౌనుల తేయాకు, 20 డబ్బాల పాలు. చెరకుదుంప పొలములలో మోకాళ్ళమీద కూలిచేసినవారు ఆ పది డాలర్లు కూడబెట్టి తాము విడిచివచ్చిన ఊరి పేరు వ్రాసి పంపిరి. మెన్నొనైటులు 1920లో స్థాపించిన సహాయ సమితి కూడ ఈ కరవు పనితోనే మొదలైనది. ఆ సమితియే తరువాత బెంగాలు కరవులో మన దేశమున పనిచేసినది.

1924లో వోల్గా జర్మనులకు స్వయంపాలిత గణతంత్రము ఇచ్చిరి. జర్మను భాష కార్యాలయములలో, బడులలో చెలామణియైనది. భాష ఇచ్చి గుడి తీసికొనిరి అనవచ్చును. 1929 నుండి పొలములు సమిష్టి క్షేత్రములైనవి. గురువులను ఒకరి తరువాత ఒకరిని పట్టుకొనిపోయిరి. గంటలు దింపి కరగించిరి. గుడులు ధాన్యపు కొట్లు, నాట్యశాలలు అయినవి. 1938 నాటికి లూథరన్ సంఘవ్యవస్థ ఆ దేశములో యావత్తు నిలిచిపోయెను.

హిట్లరు సైన్యము రష్యాపై పడిన రెండు నెలలకు, 1941 ఆగస్టు 28న, వోల్గా జర్మనులలో వేలకొలది వేగులవారున్నారను నెపముతో అందరిని తరలించుటకు ఆజ్ఞ వెలువడెను. 1939 జనాభా లెక్కలలో ఆ గణతంత్రమందు జర్మనులు 3,66,685 మంది. సెప్టెంబరు మూడు వారములలో ఊళ్ళన్నియు ఖాళీ చేసిరి. పంట పొలములో యున్నది. పశువులకు రసీదులు ఇచ్చిరి. పాలు పిదుకువారు లేక ఖాళీ వీధులలో ఆవులు అరచుచుండెనని చూచినవారు చెప్పిరి. సరకుల రైలుపెట్టెలలో సైబీరియాకు, కజకిస్తానుకు తోలిరి. 1942లో పురుషులను, తరువాత పదునారు మొదలు నలువదియైదేండ్ల స్త్రీలను కూడ శ్రమసైన్యము పేర అడవులలో చెట్లు కొట్టుటకు, గనులలో పనికి పిలిచిరి. మూడేండ్లలోపు బిడ్డ యున్న తల్లికి మాత్రము మినహాయింపు. బిడ్డకు మూడేండ్లు నిండుట ఆ తల్లులకు ఎంత భయమో ఊహించుకొనుడి.

1948 నవంబరు 26న మరియొక ఆజ్ఞ. ఈ ప్రవాసము ఎప్పటికిని అని. ఉంచిన స్థలము విడిచిపోయినవారికి ఇరువదియేండ్ల కఠినశిక్ష అని. తాతల కాగితములో వారు చదువుకొన్న "ఎప్పటికిని" వేరు, ఇది వేరు.

అప్పుడు సంఘము ఏమైనది? గురువు లేడు, పంతులు లేడు, పురుషులలో ఎక్కువమంది శిబిరములలో. మిగిలినది ముసలమ్మలు. చాలమంది పుస్తకములు పోగొట్టుకొనిరి. జ్ఞాపకమున్న కీర్తనలను ఒకరు చెప్పగా ఒకరు నోటుపుస్తకములలో వ్రాసికొనిరి. ఒకరికి మొదటి చరణము, మరియొకరికి మూడవది జ్ఞాపకము. కిటికీకి దుప్పటి కట్టి, తక్కువ గొంతుతో పాడుకొనిరి. భూస్థాపనకు జనము కూడుటను అధికారులు అంత సులభముగా అడ్డగించలేరు గనుక సమాధియొద్దనే ప్రార్థన, వాక్యము, పాట అన్నియు జరిగినవి. బిడ్డలకు స్త్రీలే బాప్తిస్మమిచ్చిరి. స్త్రీలు బల్లయొద్ద నిలువవచ్చునా అని మన సభలలో ఎంతకాలము చర్చించితిమో గుర్తుచేసికొనుడి. అక్కడ చర్చించుటకు ఎవరును మిగులలేదు. అంతకు నూరేండ్ల ముందు రైతుల ఇండ్లలో సాగిన ఆ సాయంకాలపు కూడికల అలవాటే దీనికి ఆధారము.

1955 డిసెంబరు 13న కాపలా ఎత్తివేసిరి గాని ఊరికి తిరిగిపోవుటకును, ఆస్తి అడుగుటకును హక్కు లేదనిరి. 1957లో కజకిస్తానులోని అక్మోలిన్‌స్కు, అనగా నేటి అస్తానాయందు, శిబిరములో బ్రదికివచ్చిన యూజీన్ బాక్‌మన్ గురువుగారి సంఘమునకు ప్రభుత్వ రిజిస్ట్రేషను దొరికినది. ఆ వార్త విని ప్రభు భోజనముకొరకు దూరప్రాంతములనుండి జనము రైళ్ళలో వచ్చిరి. 1964లో వేగులవారను నింద తప్పని ప్రభుత్వమే ఒప్పుకొనెను. ఎక్కడనైనను నివసించు స్వేచ్ఛ 1972లో వచ్చెను. గణతంత్రము మాత్రము మరల రాలేదు. 1988లో హారల్డ్ కల్నిన్‌ష్ గారు బిషపుగా నియమింపబడువరకు చెదరిన లూథరన్ సంఘములకు అధ్యక్షుడు లేడు.

ద్వారములు తెరచుకొనగానే జనము జర్మనీకి కదలిరి. 1994 ఒక్క సంవత్సరములోనే 2 లక్షలకు పైగా. మొత్తము మీద ఇరువది లక్షలకు మించిరి. ముత్తాతలు విడిచిన దేశమునకు రెండు వందల యేండ్లకు పైన తిరిగివచ్చిరి. 1996 నుండి జర్మను ప్రభుత్వము వారికి భాషా పరీక్ష పెట్టినది. ముసలివారు మాటలాడినది పదునెనిమిదవ శతాబ్దపు పల్లె యాస. పరీక్షించు గుమాస్తాకు అది వింతగా తోచినది. పిల్లలకు వచ్చినది రష్యను. రష్యాలో ఫాసిస్టులని తిట్టించుకొనినవారు ఇక్కడ మరల రష్యనులైరి. దేశీయ లూథరన్ సంఘములలో కొందరు చేరిరి. మరికొందరికి ఆ ఆరాధనలు చల్లగా తోచి, డెట్మోల్డు, పాడర్‌బోర్ను ప్రాంతములలో బాప్తిస్టు, మెన్నొనైటు, సహోదర సంఘములు స్వంతముగా కట్టుకొనిరి. ఆ గుడులు నేడు పిల్లలతో నిండియున్నవి.

వెళ్ళనివారును ఉన్నారు. 2021 జనాభా లెక్కలలో కజకిస్తానునందు జర్మనులు సుమారు 2 లక్షల 26 వేలు. అక్కడను, రష్యాలోను మిగిలిన లూథరన్ సంఘములలో ఇప్పుడు జర్మనులతోపాటు రష్యనులు, ఇతర జాతులవారు కూర్చుందురు. వారిని సంఘములో కలుపుకొనుట 1763లో నేరము. ప్రసంగము ఎక్కువగా రష్యను భాషలో జరుగును. ముసలివారు ఉన్నచోట నడుమ జర్మను కీర్తన యొకటి పాడుదురు.